అద్దం వద్దన్న ఏడాది

జడ వేయడం మా ఆవిడ నాకు పైజామా నాడాల మీద నేర్పింది. మూడు నాడాలు తెచ్చి కుర్చీ వీపుకు కట్టి, "కుడిది నడుమలకి, ఎడమది నడుమలకి, గంతే. రాకెట్లు పంపే పని గాదు" అంది. ఆమె ఆఫీసు నురెంబర్గ్‌లో, పొద్దున్నే రైలెక్కాలి. నా ఆఫీసు జర్మనీలో మేముండే ఈ ఎర్లాంగెన్‌లోనే, సైకిల్ మీద పోయేంత దూరం. అందుకని బిడ్డను లేపడం, పాలు కాచడం, రొట్టెకు వెన్న రాసి డబ్బాలో సర్దడం, జడ వేయడం నా వంతుకొచ్చాయి. మిగతా పనుల సంగతెలా ఉన్నా, జడ మాత్రం నేను బాగా వేసేవాణ్ణి. సాయంత్రం దాకా ఒక్క వెంట్రుక ఊడేది కాదు.

మా హాల్లో చెప్పుల అరకు పైన నిలువుటద్దం ఉంది. బిడ్డ స్టూలు మీద అద్దానికి ఎదురుగా కూర్చునేది, నేను వెనక నిలబడేవాణ్ణి. ఇద్దరం అద్దంలో మొహాలు చూసుకుంటూ మాట్లాడుకునేవాళ్లం. రాత్రి వచ్చిన కలలు, బడిలో ఎవరికి ఎవరితో పంచాయితీ పడింది, ఏ స్నేహితురాలు అలిగింది, అన్నీ ఆ అద్దంలోనే చెప్పేది. మధ్యమధ్య నాలుక బయటపెట్టి వెక్కిరించేది. "కదలకే కోతీ, పాపిట వంకర పోతుంది" అని నేను నెత్తిన ఒకటి మొట్టేవాణ్ణి. తెలుగులో మొదలుపెట్టి జర్మన్‌లోకి జారిపోయేది, నేను మళ్లీ తెలుగులోకి లాక్కొచ్చేవాణ్ణి. ఆఫీసులో రోజంతా ఎందరితోనో మాట్లాడతాను గానీ, నిజంగా మాట్లాడినట్టుండేది ఆ కాసేపే.

నాలుగో తరగతిలో ఒక రోజు అద్దం వద్దంది. స్టూలు జరుపుకుని, గోడవైపు తిరిగి, పుస్తకం ఒళ్లో పెట్టుకుంది. "గిట్లనే వెయ్యి నాన్నా. నేను చదువుకుంటా" అంది. నేను అలాగే వేశాను. ఆ తర్వాత ఏడాదికి పైగా పొద్దుటిపూట నేను నా కూతురి మాడు చూశాను, మొహం చూడలేదు. దానికి కారణం ఏమిటో ఇప్పుడు తెలుసు. అప్పుడు తెలుసుకోలేకపోయానే అని ఎన్నిసార్లు అనుకున్నానో చెప్పలేను.

దీనికి ముందటి ఆగస్టు సెలవుల్లో మేం కరీంనగర్ వెళ్లాం. మేం దిగిన వారంలోనే మా అక్క కూతురు పెద్దమనిషైంది. అప్పటికే మా అమ్మ అక్కావాళ్లింట్లో ఉంది కాబట్టి పెత్తనమంతా ఆమెదే. వెనక గదిలో చాప వేసి పిల్లను కూర్చోబెట్టారు. వేరే పళ్లెం, వేరే గ్లాసు. పూటపూటకీ నువ్వుల ముద్దలు. నా బిడ్డకు ఆ పిల్ల వరసకు వదిన, ప్రాణం. ఉరుకుతూ పోయి పక్కన కూర్చోబోయింది. మా అమ్మ రెక్క పట్టి ఇవతలికి గుంజింది. "ముట్టుకోవద్దు బిడ్డా, తానం అయ్యేదాక ముట్టుకోవద్దు!"

ఇంకో నియమం కూడా ఉంది. స్నానం చేయించేదాకా తండ్రి ఆ పిల్ల మొహం చూడకూడదు. అన్ని ఇళ్లలో లేదు గానీ మా ఇంట్లో ఉంది. మా బావ కాంట్రాక్టులు చేసే మనిషి, బయట అందరినీ గద్దించి పని చేయించుకుంటాడు. ఇక్కడ మాత్రం కిక్కురుమనకుండా మేడ మీద గదిలోకి పోయి కూర్చున్నాడు. అన్నం పైకి పంపేవాళ్లు. రెండో పూటకే బిడ్డ మీద బెంగ పెట్టుకున్నాడు. "అత్తమ్మా, పోనీ వీడియో కాల్ల చూడొచ్చునా?" అని మేడ మీంచి అడిగాడు. మా అమ్మ ఇత్తడి చెంబు చేతిలో పట్టుకుని కాసేపు ఆలోచించి, "ఫోన్ల అయితే ఏం గాదు తీ" అని తీర్పు చెప్పింది. ఇల్లంతా నవ్వులు. కింద గదిలో కూతురు, మేడ మీద తండ్రి, మధ్యలో ఫోను.

బావమరిదినై ఉండి నేను ఊరుకుంటానా? మెట్ల కింద నిలబడి మొహం గంభీరంగా పెట్టుకుని కేకేశాను. "బావా, కిందికి దిగేవు! బిడ్డ మొహం చూసినవనుకో, సచ్చిపోతవ్!" మా వైపు బావాబావమరుదుల మధ్య ఇలాంటివి మామూలే. ఎంత దారుణమైన మాటంటే అంత ప్రేమ. అనేటప్పుడు నవ్వకూడదు, నవ్వితే పరాచికం చప్పబడిపోతుంది. బావ పైనుంచి "నువ్వే ముందు పోతవ్ రా" అన్నాడు. అక్క నా వీపు మీద ఒక్కటి చరిచి, "నోట్ల ఒక్క మంచి మాట రాదా నీకు" అంది. నా కూతురు నా పక్కనే నిలబడి ఉంది. నా చొక్కా అంచు పట్టుకుని ఉన్నట్టు కూడా గుర్తు.

తిరిగొచ్చాక బడి తెరిచారు. ఇక్కడ నాలుగో తరగతిలో పిల్లలకు ఒంట్లో వచ్చే మార్పుల గురించి పాఠం చెబుతారు, ఆడపిల్లలకూ మగపిల్లలకూ కలిపి. పాఠం మొదలయ్యే ముందు తల్లిదండ్రులను పిలిచి ఏం చెప్పబోతున్నారో చెబుతారు. "నువ్వు పో, నీకు జర్మన్ మంచిగొస్తది" అని మా ఆవిడ తప్పించుకుంది. పోయి పిల్లల కుర్చీలో మోకాళ్లు గడ్డానికి తగిలేట్టు కూర్చున్నాను. టీచర్ పొట్టి నెరిసిన జుట్టావిడ, మెల్లగా మాట్లాడే మనిషి. బల్ల మీద ప్యాడ్లు, బొమ్మల పుస్తకం, గుడ్డతో కుట్టిన గర్భసంచి బొమ్మ వరసగా పెట్టింది. ఒక్కొక్క అవయవం పేరూ కూరగాయల పేర్లు చెప్పినంత మామూలుగా చెప్పుకుంటూ పోయింది. ఆ మాటల్లో సగం తెలుగులో నేను తిట్లుగానే విన్నాను. మిగతా సగం మా టెన్త్ బయాలజీ పుస్తకంలో ఉండేవి. ఆ పాఠం వచ్చిన రోజు మా సారు పుస్తకం మూసి, "ఇది ఇంట్ల చదువుకోండ్రి, పరీక్షల రాదు" అన్నాడు. నేను ఇంట్లో కూడా చదవలేదు. చదివితే అమ్మ చూస్తుందని భయం.

టీచర్ చెప్పినవాటిలో రెండు మాటలు నాకు బాగా నాటుకున్నాయి. మొదటిది, పీరియడ్ అనేది తొమ్మిదేళ్లు దాటాక ఎప్పుడైనా రావచ్చు, చెప్పి రాదు, నిద్రలో రావచ్చు, బడిలో రావచ్చు, అందుకే ప్రతి ఆడపిల్లకూ ప్యాడ్లు పెట్టిన చిన్న సంచీ ఇస్తాం అంది. రెండోది, నా ఒళ్లు నాది అని పిల్లలకు నేర్పుతున్నాం, పిల్ల వద్దంటే వద్దనే, ముద్దయినా కౌగిలింతయినా, తల్లిదండ్రులైనా సరే బలవంతపెట్టొద్దు అంది. పక్కనున్న తండ్రులు తలలూపారు. నేనూ ఊపాను. ఊపడమే కాదు, మనసులో ఎంతో మెచ్చుకున్నాను. నా చిన్నప్పుడు ఎవరైనా ఈ ముక్క చెప్పి ఉంటే మా ఊరి చుట్టాల బుగ్గ పిసుకుళ్ల నుంచి ఎంతో బతికిపోయేవాణ్ణి.

చివర్లో ఆవిడ, ఇలాంటి పాఠం రాబోతోందని చెప్పగానే పిల్లలు ఏమేం అడిగారో కొన్ని చెప్పింది. ఎవరు అడిగారో చెప్పలేదు. గడ్డాలెప్పుడొస్తాయి, నొప్పి పుడుతుందా, అలాంటివి. తర్వాత, "ఒక పాప అడిగింది, పీరియడ్ వచ్చాక నాన్న నన్ను చూడొచ్చా అని. తప్పకుండా చూడొచ్చమ్మా, ఏమీ కాదు అని చెప్పాను. కానీ ఇంట్లో కూడా ఎవరైనా ఆ పాపతో మాట్లాడితే మంచిది" అంది. అక్కడక్కడా జాలిగా నవ్వారు. ఆవిడ నా వైపు చూడలేదు. చూడకుండా ఉండడానికి ఎంత ప్రయత్నిస్తోందో నాకు తెలుస్తూనే ఉంది. నా చెవులు కాలిపోయాయి. కిటికీ దగ్గర పెరుగు డబ్బాల్లో పిల్లలు నాటిన చిక్కుడు మొలకలుంటే వాటినే చూస్తూ కూర్చున్నాను.

ఇంటికొచ్చి మా ఆవిడతో చెప్పాను. "మీ అమ్మ చేసిన ఘనకార్యం ఇది. పిల్ల జడుసుకున్నది" అంది. "నేను మాట్లాడుతా. నువ్వు నడుమల రాకు, సిగ్గుపడ్తది." మర్నాడు బిడ్డను పక్కన కూర్చోబెట్టుకుని మాట్లాడింది కూడా. నిన్ను గదిలో కూర్చోబెట్టం, వేరే పళ్లెం పెట్టం, ఫంక్షన్ చెయ్యం, నీకిష్టం లేకపోతే చీర కూడా కట్టించం అని ఒట్టేసింది. బిడ్డ అన్నిటికీ "ఓకే మమ్మీ" అంది. మా పని అయిపోయిందనుకున్నాం. ఆ పిల్ల అడిగింది గది గురించి కాదు, పళ్లెం గురించి కాదు. నాన్న చూడొచ్చా అని అడిగింది. మేం దానికి తప్ప అన్నిటికీ జవాబు చెప్పాం.

పాఠాలు మొదలైన వారానికి అద్దం వద్దంది.

తర్వాత ఇంకొన్ని మారాయి. భోజనాల దగ్గర నాకెదురుగా కూర్చునేది, నా పక్క కుర్చీలోకి మారింది. దగ్గరికొచ్చిందని మురిసిపోయాను. బడికి పోయేటప్పుడు సైకిల్ నా పక్కన తొక్కేది, ఇప్పుడు ముందు తొక్కసాగింది. నాకు కనబడేదల్లా హెల్మెటూ, బ్యాగూ, దాని కింద ఊగే నేను వేసిన జడ. ముద్దు పెట్టించుకోవడం మానేసింది. నేను పని చేసుకుంటుంటే మాత్రం కుర్చీ వెనకనుంచి వచ్చి మెడ చుట్టూ చేతులేసి వీపుకు చెంప ఆనించి నిలబడేది, చాలాసేపు. తిరిగి చూడబోతే చేతులు వదిలేసి ఉరికేది.

ఎందుకమ్మా అని ఒక్కసారి అడిగితే పోయేది. అడగలేదు. వద్దంటే వద్దనే కదా. బడివాళ్లు చెప్పారు, నేను తలూపాను. పిల్ల ఎదుగుతోంది, దాని హద్దులు అది గీసుకుంటోంది, నేను దాటకూడదు అనుకున్నాను. పైగా గొప్పలు కూడా పోయాను. తెలుగువాళ్లం కలిసి వండుకుని తిన్న ఒక ఆదివారం, ఒకాయన తన కూతురు గదిలోంచి బయటికే రావడం లేదని వాపోతుంటే, "స్పేస్ ఇయ్యాలె అన్నా. మనం మారాలె. మా పాప అద్దం వద్దన్నది, నేను ఒక్క ప్రశ్న గూడ వెయ్యలె" అని ఉపన్యాసం దంచాను. ఆయన నన్ను మెచ్చుకోలుగా చూశాడు. తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గుతో చచ్చిపోతాను.

నాకు తెలియాల్సిన సమయం ఒకటి వచ్చింది, అదీ జారిపోయింది. ఆ చలికాలం పని మీద కొన్నాళ్లు డ్యూసెల్‌డార్ఫ్‌లో ఉండాల్సి వచ్చింది. మొదటి సాయంత్రం బిడ్డే వీడియో కాల్ చేసింది. ఫోను మొహానికి ఎంత దగ్గరగా పెట్టుకుందంటే తెర నిండా కళ్లే. కొత్తగా వచ్చిన పన్ను చూపించింది, కళ్లు అడ్డంగా తిప్పి వెక్కిరించింది, పగలబడి నవ్వింది. పెట్టేస్తానంటే పెట్టేయనివ్వదు. రోజూ అంతే. ఇంటికొచ్చేసరికి మళ్లీ గోడవైపు తిరిగి కూర్చుంది. దూరమైతే బెంగ, దగ్గరైతే అలుసు, పిల్లలంతా ఇంతే అని నవ్వుకున్నాను. ఫోన్ల అయితే ఏం గాదు తీ అన్న మా అమ్మ మాట నాకు గుర్తు రాలేదు. నా కూతురికి గుర్తుంది.

ఐదో తరగతిలో, వసంతం సెలవుల్లో వచ్చింది ఆ రోజు. మా ఆవిడ నురెంబర్గ్ పోయింది. నేను ఇంట్లోంచే పని చేస్తున్నాను. పొద్దెక్కినా బిడ్డ గదిలోంచి రాకపోతే తలుపు తట్టాను.

"లోపటికి రావద్దు నాన్నా."

"ఏమైంది బిడ్డా?"

"పీరియడ్ వచ్చింది. ప్యాడ్ పెట్టుకున్న. కడుపు జర నొస్తుంది, గంతే. మమ్మీకి మెసేజ్ పెట్టిన."

ఎంత చక్కగా చెప్పిందో. ఏడుపు లేదు, సిగ్గు లేదు. మా అక్క తనకు ఇలా అయిన రోజున పశువుల కొట్టంలో దాక్కుని ఏడ్చిందని మా అమ్మ చెబుతుండేది. నేను టీచర్‌కు మనసులో దండం పెట్టుకున్నాను. ఎప్పటినుంచో కూడబలుక్కుని ఉన్న మాటలు తలుపుకే చెప్పాను. "మంచిది తల్లీ. భయమేం లేదు. వేడి నీళ్ల సంచి తెస్తా, పడుకో."

"నాకు భయం లేదు. తలుపు కాడ పెట్టి పో. నువ్వు లోపటికి రావద్దు, అంతే."

వద్దంటే వద్దనే. నీళ్లు కాచి రబ్బరు సంచీలో పోసి తెచ్చి తలుపు దగ్గర పెట్టాను. వెనక్కి తిరిగానో లేదో జేబులో ఫోను మోగింది. బిడ్డే, వీడియో కాల్. తలుపుకు ఇవతల నిలబడి ఎత్తాను. తెర నిండా దాని మొహం. కళ్లు కాస్త ఉబ్బి ఉన్నాయి గానీ నవ్వుతోంది.

"గిప్పుడు చూడు" అంది. అదే మాట తలుపు అవతలినుంచి కూడా వినిపించింది, ఒక్క క్షణం ముందు.

కరీంనగర్, మేడ, మెట్లు, మా బావ, అన్నీ ఒక్కసారిగా కళ్ల ముందుకొచ్చాయి. అక్కడే తలుపు ముందు కూలబడ్డాను.

"ఎందుకే ఇట్ల? తలుపు తీయి."

"తీయ. నువ్వు చూస్తే సచ్చిపోతవ్."

"ఎవలు చెప్పిన్రే నీకు?"

"నువ్వే. మామయ్యకు చెప్పినవ్ గదా. మెట్ల కాడ." తర్వాత మొదలుపెట్టింది, ఆగలేదు, సగం తెలుగు, సగం జర్మన్. ఎప్పుడైనా రావచ్చని, నిద్రలో కూడా వస్తుందని, వచ్చినట్టు తెలియదని టీచర్ చెప్పింది కదా. పొద్దున లేవగానే నువ్వు జడ వేస్తావు కదా. వచ్చి ఉంటే? నాకు తెలియకముందే నువ్వు అద్దంలో చూసేస్తే? అందుకని.

అందుకని ఏడాది పాటు. తొమ్మిదేళ్ల పిల్ల, పదేళ్ల పిల్ల, ప్రతి పొద్దునా గోడవైపు తిరిగి కూర్చుని నా ప్రాణం కాపాడింది. నేను దాన్ని హద్దు అనుకుని గౌరవించాను.

ఏడుపొచ్చింది. ఫోన్లో కనబడుతుందని దాన్ని పైకప్పు వైపు తిప్పి పట్టుకున్నాను. "పిచ్చి తల్లీ, అది పరాచికమే. బావను ఎక్కిరించిన. టీచరమ్మను అడిగినవ్ గదా నువ్వు? ఏం గాదని చెప్పింది గదా ఆమె?"

"చెప్పింది."

"మరి?"

"టీచర్ చెప్పింది తప్పయితే టీచర్‌కు ఏం గాదు. నీకయితది." ఇంకా నాకు అర్థం కాలేదనుకుందేమో, విడమరిచి చెప్పింది. "నువ్వు వచ్చి, అది అబద్ధం అని చెప్తవేమో అని చూసిన. నువ్వు చెప్పలే."

ఆ మాట తర్వాత ఏం మాట్లాడానో వరసగా గుర్తు లేదు. ఒట్లు పెట్టాను. మామయ్య తన బిడ్డను దొంగచాటుగా మేడ మెట్ల మీంచి తొంగి చూశాడని, రోజూ చూశాడని, ఇప్పటికీ దుక్కలా ఉన్నాడని చెప్పాను. అది నిజమే, బావే తర్వాత నాతో చెప్పాడు. నవ్వుకోవడానికి చెప్పాడు, నేనూ నవ్వాను, బిడ్డకు చెప్పాలని తోచలేదు. చాలాసేపటికి గొళ్లెం చప్పుడైంది. తలుపు తెరుచుకుంది గానీ బిడ్డ రెండు చేతులతో మొహం కప్పుకుని నిలబడింది. నేను ముట్టుకోలేదు. వద్దంటే వద్దనే, అయినా ఈసారి అడిగాను. "చేతులు తీస్తవా?" మెల్లగా వేళ్లు విడదీసి ముందు తను నన్ను చూసింది. నేనింకా ఉన్నాను. అప్పుడు తీసింది.

చెంపలు కాస్త లోపలికి పోయాయి. కనుబొమ్మలు చిక్కబడ్డాయి, మా అక్కవి లాగే. ఎడమ కంటి కింద నాకు తెలియని చిన్న పుట్టుమచ్చ ఒకటి వచ్చింది. ఒకే ఇంట్లో ఉంటూ నేనివి చూడలేదు.

ఆ రోజంతా అది నన్ను వదల్లేదు. నేను ఆఫీసు మీటింగులో ఉంటే తలుపు తీసి తొంగి చూసేది, "బాగానే ఉన్నవా?" అని అడిగి పోయేది. మధ్యాహ్నం సోఫాలో కునుకు తీస్తే ముక్కు ముందు ఏదో కదిలినట్టయి లేచాను. వేలు పెట్టి ఊపిరి చూస్తోంది. సాయంత్రం మా ఆవిడ స్వీట్లు పట్టుకుని వస్తే, ఆమెకు ఎదురుపోయి ముందు చెప్పిన వార్త తన గురించి కాదు. "నాన్నకు ఏం కాలె మమ్మీ" అంది.

మర్నాడు పొద్దున నేను కళ్లు తెరిచేసరికి మంచం పక్కన నిలబడి నా మొహంలోకే చూస్తోంది. నేను కళ్లు తెరవగానే గట్టిగా ఊపిరి వదిలింది. లేచి హాల్లోకి పోయాను. స్టూలు లాగి అద్దానికి ఎదురుగా వేశాను. దువ్వెన తీసుకుని వెనక నిలబడ్డాను.

బిడ్డ వచ్చి నా చేతిలోంచి దువ్వెన తీసుకుంది. "నాకొస్తది నాన్నా" అంది. "గోడకు తిరిగి కూసున్నప్పుడు నీ చేతులు ఎట్ల పోతున్నయో పట్టి చూసుకుంట నేర్చుకున్న."

అద్దం ముందు కూర్చుని తనే వేసుకుంది. పాపిట సూటిగా వచ్చింది. నేను చెప్పుల అర పక్కన నిలబడి, అది జడ వేసుకున్నంతసేపూ దాని మొహం చూశాను.